మందుల దుకాణం లైసెన్సు నిలుపుదల: శిక్షా, రక్షణా?

(కర్నల్ రామ్‌నాథ్ చోప్రా స్మృతికి నివేదించిన ఉపన్యాసపు ముద్రిత పాఠం)

మందులు అమ్మే ప్రతి దుకాణానికీ లైసెన్సు ఉండి తీరాలన్న ఆలోచన ఈ దేశంలో వ్యాపారి మీద అనుమానంతో పుట్టినది కాదు. జ్వరంతో మంచాన పడిన మనిషి మింగిన మాత్రలో ఉండవలసిన మందు లేకపోవడం వల్ల పుట్టినది. మలేరియా ఊళ్లకు ఊళ్లను పీడించిన 1920లలో బజారు క్వినైన్‌లో కల్తీ ఎక్కువైందని, నాసిరకం మందులు అడ్డూ ఆపూ లేకుండా చెల్లుబాటవుతున్నాయని ఆందోళన ముదిరిన మీదట, అప్పటి ప్రభుత్వం 1930 ఆగస్టులో ఔషధ విచారణ సంఘాన్ని నియమించి, ఇండియన్ మెడికల్ సర్వీసు అధికారి, కలకత్తా ఉష్ణమండల వైద్య పాఠశాలలో ఔషధశాస్త్ర ఆచార్యుడు అయిన కర్నల్ రామ్‌నాథ్ చోప్రాను దానికి అధ్యక్షుణ్ణి చేసింది. 1931లో వెలువడిన ఆ సంఘం నివేదిక మందుల నాణ్యతను అదుపు చేసే చట్టంతో పాటు మందులు కలిపి ఇచ్చే వృత్తికి శిక్షణ, నమోదు కూడా ఉండాలని కోరింది. మొదటి కోరిక 1940 నాటి ఔషధ చట్టంగా, రెండవది 1948 నాటి ఫార్మసీ చట్టంగా నెరవేరాయి. 1962లో సౌందర్య సాధనాలను కూడా చేర్చుకుని ఔషధ, సౌందర్య సాధనాల చట్టంగా పేరు మార్చుకున్న ఆ మొదటి శాసనమూ, దాని కింద 1945లో చేసిన నియమావళీ నేటికీ ప్రతి మందుల దుకాణం గోడ మీద పటం కట్టి వేలాడే లైసెన్సుకు ఆధారాలు.

ఆ లైసెన్సును అధికారి కొంతకాలం నిలిపివేసినప్పుడు, అంటే సస్పెండ్ చేసినప్పుడు, దుకాణదారు దాన్ని ఏ ప్రాతిపదికన ప్రశ్నించవచ్చు, న్యాయస్థానాలు ఆ ప్రశ్నను ఏ కొలబద్దలతో తూస్తాయి అన్నది ఈ ఉపన్యాసానికి విషయం. లైసెన్సు రద్దు గురించి న్యాయచర్చ ఎంతో కొంత సాగింది గాని, పది రోజులో, పదిహేను రోజులో, నెలో సాగే నిలుపుదలను చిన్న విషయంగా తోసివేయడం వాడుకైంది. నిజానికి చట్టపరమైన చిక్కు చిన్నదాంట్లోనే ఎక్కువ. ఎందుకంటే నిలుపుదల అనేది శిక్షో, రక్షణో తేల్చకుండానే నియమావళి దాన్ని అధికారి చేతికి ఇచ్చింది.

ముందుగా లైసెన్సు స్వరూపం. చట్టంలోని 18వ సెక్షన్ (సి) ఖండం లైసెన్సు లేకుండా, దాని షరతులకు లోబడకుండా మందులు అమ్మడాన్ని నిషేధిస్తుంది. చిల్లర అమ్మకానికి సాధారణ ఔషధాలైతే ఫారం 20లో, టీకాలు, సీరాలు, ఇన్సులిన్ వంటి ప్రత్యేక జాబితాలోని మందులైతే ఫారం 21లో లైసెన్సు ఇస్తారు. టోకు వ్యాపారానికి ఫారం 20బి, 21బి ఉన్నాయి. లైసెన్సు మనిషికే కాదు, స్థలానికి కూడా చెందుతుంది: చిల్లర దుకాణం కనీసం 10 చదరపు మీటర్ల వైశాల్యం కలిగి ఉండాలి, దుకాణం పక్క వీధికి మారితే లైసెన్సు దానంతట అది వెంట రాదు. ఒకే సంస్థకు వంద శాఖలున్నా వందకూ విడివిడి లైసెన్సులు తప్పవు కనుక, ఒక శాఖ పదిహేను రోజులు మూతపడితే గొలుసు సంస్థకు అది లెక్కల పుస్తకంలో ఒక వరుస. ఒక్క దుకాణమే జీవనాధారమైన వ్యక్తికి అది నెల అద్దె, అప్పు వాయిదా, చేయి జారిపోయిన ఖాతాదారులు. శాసనం ఇద్దరినీ ఒకే గాటన కడుతుంది. ఈ తేడాను గుర్తించే అవకాశం నిలుపుదల ఎంతకాలమో నిర్ణయించే అధికారి చేతిలోనే ఉంది.

లైసెన్సు షరతులు రూల్ 65లో ఉన్నాయి. ప్రిస్క్రిప్షన్, అంటే డాక్టరు రాసిన మందుల చీటీ, మీద ఇచ్చే ప్రతి మందూ నమోదిత ఫార్మసిస్టు చేతి మీదుగా గాని, అతని స్వయం పర్యవేక్షణలో గాని వెళ్లాలి. షెడ్యూల్ హెచ్, హెచ్1, ఎక్స్ జాబితాల్లోని మందులు చీటీ లేకుండా అమ్మకూడదు. 2014 మార్చి 1 నుంచి అమల్లోకి వచ్చిన హెచ్1 జాబితాకు ప్రత్యేక రిజిస్టరు పెట్టి, అందులో డాక్టరు పేరు, రోగి పేరు, మందు పేరు, పరిమాణం రాసి మూడేళ్లు భద్రపరచాలి. గడువు తీరిన మందు అమ్మకూడదు, కొన్నదానికీ అమ్మినదానికీ బిల్లు ఉండాలి. దుకాణం బోర్డు మీద ఏ పేరు రాసుకోవాలో కూడా ఇదే నియమం చెబుతుంది: చీటీ చూసి మందులు కలిపి తయారు చేసే ఏర్పాటు ఉన్నవారికే ‘ఫార్మసీ’ అన్న మాట చెల్లుతుంది, ఫార్మసిస్టు ఉండి ఆ ఏర్పాటు లేనివారు ‘కెమిస్ట్స్ అండ్ డ్రగ్గిస్ట్స్’ అని రాసుకోవాలి. బజారు బోర్డులను ఈ నియమం పక్కన పెట్టి చదివితే ఎన్ని నిలుస్తాయో ఊహించడం కష్టం కాదు. అయితే ఆ కారణం మీద లైసెన్సు నిలిపివేయడానికి ఏ అధికారీ ఉత్సాహపడకపోవడం ఒక విధంగా నిష్పత్తి జ్ఞానానికి గుర్తు.

ఈ షరతులు తప్పినప్పుడు ఏం చేయాలో చెప్పేది రూల్ 66. లైసెన్సుదారు లైసెన్సు షరతులను గాని, చట్టాన్ని గాని, నియమాలను గాని పాటించలేదని లైసెన్సింగ్ అథారిటీ, అంటే లైసెన్సు ఇచ్చే అధికారం గల అధికారి, అభిప్రాయపడితే, ఎందుకు చర్య తీసుకోకూడదో చెప్పుకునే అవకాశం ముందుగా ఇచ్చి, కారణాలు తెలుపుతూ రాతపూర్వకమైన ఉత్తర్వు ద్వారా లైసెన్సును రద్దు చేయవచ్చు లేదా తనకు తగినదని తోచిన కాలానికి నిలిపివేయవచ్చు. అది మొత్తం లైసెన్సుకైనా కావచ్చు, అందులోని కొన్ని మందులకు మాత్రమైనా కావచ్చు. ఆ ఉత్తర్వు మీద మూడు నెలల్లోగా రాష్ట్ర ప్రభుత్వానికి అప్పీలు చేసుకోవచ్చు. రాజ్యాంగం పుట్టడానికి ఐదేళ్ల ముందే, సమానత్వపు హక్కూ వృత్తి స్వేచ్ఛా కాగితం మీదకు రాకముందే, వలస ప్రభుత్వపు నియమావళి ముందస్తు నోటీసు, రాతపూర్వకమైన ఉత్తర్వు, అందులో కారణాలు అనే మూడు కట్టుబాట్లను తనకు తాను విధించుకున్నది. తర్వాతి కాలంలో సుప్రీంకోర్టు సహజ న్యాయ సూత్రాల పేరిట, అంటే ఒకరి వాదన వినకుండా వారికి వ్యతిరేకంగా నిర్ణయం చేయరాదన్న మౌలిక నియమాల పేరిట, విస్తరించినదంతా ఈ నియమంలో బీజరూపంలో ఉన్నదే. అందుకే ఈ వ్యాజ్యాల్లో దుకాణదారు తరఫు న్యాయవాది రాజ్యాంగం దాకా వెళ్లనవసరం లేకుండా, రూల్ 66ను మాట మాటగా చదివి వినిపించినా చాలాసార్లు సరిపోతుంది.

ఇక అసలు ప్రశ్న. నిలుపుదల రోగి రక్షణ కోసమైతే అది ప్రమాదం కనబడిన నాడే రావాలి, ప్రమాదం తొలగిన నాడే పోవాలి; ఫార్మసిస్టు లేని దుకాణంలో ఫార్మసిస్టును నియమించిన మరునాడు, చెడిన ఫ్రిజ్ బాగుచేసిన మరునాడు దానికి పనిలేదు. అది చేసిన తప్పుకు శిక్ష అయితే నోటీసూ, ఆధారాలూ, విచారణా, తప్పుకు తగిన కాలపరిమితీ అన్నీ అవసరమవుతాయి. రూల్ 66 విధానంలో శిక్ష లక్షణాలున్నాయి, లక్ష్యంలో రక్షణ లక్షణాలున్నాయి. ఆచరణలో ఈ రెండూ కలిసిపోయి విచిత్రమైన ఫలితమిస్తాయి: డ్రగ్ ఇన్‌స్పెక్టర్ తనిఖీ ఒకనాడు జరుగుతుంది, షోకాజ్ నోటీసు కొన్ని వారాలకు వస్తుంది, దుకాణదారు లోపాలు సరిదిద్దుకుని జవాబిస్తాడు, మరికొన్ని వారాలకు, ఒక్కోసారి నెలలకు, పది రోజుల నిలుపుదల ఉత్తర్వు వెలువడుతుంది. అన్ని నెలలూ అదే దుకాణంలో, అదే రోగులకు మందులు అమ్మనిచ్చి, లోపం తీరిన తర్వాత పది రోజులు మూయించడాన్ని ప్రజారోగ్య రక్షణ అని పిలవడం కష్టం. అది శిక్షే. శిక్షను సమర్థించడానికి కావలసిన సామగ్రి అంతా ఆ ఉత్తర్వులో ఉండి తీరాలన్నదే ఈ ఉపన్యాసం చెప్పదలచిన మాట.

శిక్ష, రక్షణ అనే ఈ రెంటినీ శాసనమే విడదీసిన దేశం అమెరికా. అక్కడ మత్తుకు అలవాటు చేసే నియంత్రిత ఔషధాలు అమ్మే ఫార్మసీలకు డ్రగ్ ఎన్‌ఫోర్స్‌మెంట్ అడ్మినిస్ట్రేషన్ ఇచ్చే రిజిస్ట్రేషన్‌ను మామూలుగా నోటీసు, విచారణ తర్వాతే రద్దు చేయాలి. ప్రజారోగ్యానికి తక్షణ ప్రమాదం ఉన్నప్పుడు మాత్రం విచారణకు ముందే నిలిపివేసే ప్రత్యేక అధికారం ఉంది. ఫ్లోరిడా రాష్ట్రం శాన్‌ఫర్డ్‌లోని రెండు సీవీఎస్ ఫార్మసీల రిజిస్ట్రేషన్‌ను 2012 ఫిబ్రవరిలో ఆక్సీకోడోన్ అనే నొప్పి మందు అమ్మకాల మీద అలా నిలిపివేసినప్పుడు, ఆ సంస్థ వాషింగ్టన్‌లోని ఫెడరల్ కోర్టుకు వెళ్లినా చివరకు ఉపశమనం దొరకలేదు. తక్షణ ప్రమాదం అంటే ఏమిటో 2016లో అక్కడి కాంగ్రెస్ ప్రత్యేక చట్టం ద్వారా నిర్వచించవలసి వచ్చింది. మన రూల్ 66లో విచారణకు ముందే నిలిపివేసే అధికారం మాటల్లో లేదు. నిజంగా ప్రమాదకరమైన సరుకు కనబడితే దాన్ని ఆపడానికి 22వ సెక్షన్ కింద ఇన్‌స్పెక్టర్‌కు వేరే అధికారాలున్నాయి. ఆయన నమూనా తీయవచ్చు, సరుకు స్వాధీనం చేసుకోవచ్చు, ఇరవై రోజులకు మించకుండా ఆ సరుకు అమ్మవద్దని ఆదేశించవచ్చు. తక్షణ రక్షణకు చట్టం చూపిన దారి సరుకును ఆపడం. ఆ దారి వదిలి లైసెన్సును రాత్రికి రాత్రి నిలిపివేసి, ‘వివరణ తర్వాత ఇచ్చుకోవచ్చు’ అనే ఉత్తర్వు ఈ తేడాను మరచిన ఉత్తర్వు.

వ్యాజ్యాలు నిలిచేదీ వీగిపోయేదీ చాలావరకు షోకాజ్ నోటీసు దగ్గరే. నోటీసు అంటే నేరారోపణ మాత్రమే కాదు, ప్రతిపాదిత చర్య ఏమిటో తెలియజేసే పత్రం కూడా అని సుప్రీంకోర్టు 2014లో గూర్ఖా సెక్యూరిటీ సర్వీసెస్ కేసులో తేల్చింది. ఆ కేసు ఒక కాంట్రాక్టు సంస్థను బ్లాక్‌లిస్టులో పెట్టడానికి సంబంధించినదే అయినా, ఏ శిక్ష తల మీద వేలాడుతున్నదో తెలియని మనిషి దానికి తగిన జవాబు ఇవ్వలేడన్న తర్కం మందుల దుకాణానికీ అంతే వర్తిస్తుంది. ‘తగిన చర్య తీసుకోబడును’ అన్న ముద్రిత వాక్యంతో ముగిసే నోటీసు ఈ పరీక్షలో నెగ్గడం కష్టం. అంతకు నాలుగేళ్ల ముందు, 2010లో, ఓరిక్స్ ఫిషరీస్ కేసులో అదే కోర్టు ఇందుకు రెండవ వైపు చూపింది: నోటీసులోనే తప్పు రుజువైపోయిందన్న ధోరణిలో రాస్తే, జవాబు అడగడం తంతుగా మారుతుంది కాబట్టి అది కూడా చెల్లదు. అంటే నోటీసు రాసే అధికారి ఆరోపణను స్పష్టంగా చెప్పాలి, తీర్పును మాత్రం చెప్పకూడదు. ఒకే ఫారం నింపి వంద దుకాణాలకు పంపే అలవాటులో ఈ సున్నితత్వం నిలవదు.

నోటీసుకు ఆధారమైన కాగితాలు ఇవ్వడం మూడవ అంశం. ప్రతి దుకాణమూ ఫారం 35లో తనిఖీ పుస్తకం ఉంచాలి. ఇన్‌స్పెక్టర్ వచ్చినప్పుడు గమనించిన లోపాలను అందులో రాస్తారు. తనిఖీ రోజున పుస్తకంలో రెండే లోపాలు రాసి, ఆఫీసుకు వెళ్లాక పంపిన నివేదికలో ఆరు రాస్తే, నోటీసు ఆ ఆరింటి మీద నడిస్తే, దుకాణదారుకు ఆ నివేదిక చూపకుండా ఉత్తర్వు ఇవ్వడం కుదరదు. నిర్ణయానికి ఉపయోగపడిన విచారణ నివేదికను ఎదుటి పక్షానికి అందజేయాలన్న సూత్రాన్ని స్టాక్ మార్కెట్ల నియంత్రణ సంస్థ సెబీకి సంబంధించిన టి. టకానో కేసులో 2022లో సుప్రీంకోర్టు గట్టిగా నిలబెట్టింది. తనిఖీ పుస్తకాన్ని ఏదో మూల దాచి దుమ్ము పట్టనిచ్చే దుకాణదారులు తమకు అనుకూలమైన మొదటి సాక్ష్యాన్ని తామే పోగొట్టుకుంటున్నారని కూడా ఇక్కడ చెప్పుకోవాలి.

కారణాల విషయానికి వస్తే, ‘లైసెన్సుదారు సమాధానం సంతృప్తికరంగా లేదు’ అన్న ఒక్క వాక్యం కారణం కాదు. అది కారణం అవసరమైన చోట రాసిన ముగింపు. సమాధానంలో ఏ అంశం ఎందుకు నమ్మదగినది కాదో, ఏ నియమం ఏ విధంగా ఉల్లంఘించబడిందో, పది రోజులు చాలక ముప్పై రోజులు ఎందుకు అవసరమయ్యాయో ఉత్తర్వే చెప్పాలి. న్యాయభాషలో దీన్ని కారణాలు పలికే ఉత్తర్వు అంటారు. కోర్టులో కేసు పడిన తర్వాత ప్రభుత్వ న్యాయవాది కౌంటర్ అఫిడవిట్‌లో కొత్త కారణాలు చేర్చి పాత ఉత్తర్వును బతికించడం కుదరదని, ఉత్తర్వు తన కాళ్ల మీద తాను నిలవాలని 1977 నాటి మొహిందర్ సింగ్ గిల్ కేసు స్థిరపరచింది. ఎన్నికల కమిషన్ మీద వచ్చిన ఆ తీర్పు మందుల దుకాణాల వ్యాజ్యాలకు ఉపయోగపడినంతగా ఎన్నికల వ్యాజ్యాలకు కూడా ఉపయోగపడదేమో అనిపిస్తుంది. ఎందుకంటే ఎన్నికల కమిషన్‌కు ఉత్తర్వు రాయడానికి న్యాయ నిపుణులు ఉంటారు, జిల్లా స్థాయి అధికారికి ఉండేది గత సంవత్సరపు నమూనా ఉత్తర్వే.

ఈ వివాదాలన్నిటిలో తగిన శ్రద్ధకు నోచుకోనిది రూల్ 66లోని మినహాయింపు నిబంధన. ఉల్లంఘన ఏజెంటు లేదా ఉద్యోగి చేసిన పని వల్ల గాని, చేయకపోవడం వల్ల గాని జరిగినప్పుడు, లైసెన్సుదారు కొన్ని సంగతులు రుజువు చేస్తే లైసెన్సును రద్దు చేయడం గాని నిలిపివేయడం గాని జరగరాదని అది ఆదేశిస్తుంది: యజమాని ఆ పనిని ప్రేరేపించలేదని, చూసీచూడనట్టు వదల్లేదని, అలాంటి తప్పు అంతకు ముందు పన్నెండు నెలల్లో జరగలేదని, జరిగినా అది తనకు తెలిసే అవకాశం లేకపోయిందని, తప్పు ఎడతెగకుండా సాగినదైతే దాని గత భాగం తన ఎరుకలో లేదని, షరతులు పాటించేలా చూడడానికి తాను తగిన జాగ్రత్త తీసుకున్నానని. రుజువు భారం యజమానిదే. అయితే ఆ భారాన్ని మోయడానికి ప్రయత్నించిన యజమాని మాటలను అధికారి పరిశీలించి, ఒప్పుకోకపోతే ఎందుకు ఒప్పుకోలేదో రాయడం తప్పనిసరి. దుకాణంలో పనిచేసే కుర్రాడు చీటీ లేకుండా నిద్రమాత్రలు అమ్మాడన్న ఆరోపణకు, యజమాని నియామక పత్రం, రాతపూర్వక హెచ్చరికలు, అమ్మకాల లెక్కలు చూపి తన జాగ్రత్తను నిరూపించుకోజూస్తే, ‘యజమానే బాధ్యుడు’ అన్న సాధారణ సూత్రంతో దాన్ని కొట్టిపారేయడం నియమాన్ని చదవకపోవడమే. వ్యాపార చట్టాల్లో ఇంత విస్తారంగా యజమానికి కవచం ఇచ్చిన నియమాలు ఎక్కువ లేవు. తమ జవాబుల్లో దీన్ని ప్రస్తావించకుండా దయ చూపమని మాత్రమే ప్రాధేయపడే దుకాణదారులు, చేతిలో ఉన్న కవచాన్ని గోడకు తగిలించి యుద్ధానికి వెళ్లినవారు.

ఈ కవచానికి హద్దు కూడా ఉంది. ఫార్మసిస్టు సర్టిఫికెట్‌ను నెలకు ఇంతని అద్దెకు తెచ్చి గోడకు తగిలించి, ఆ మనిషి ముఖం దుకాణంలో ఎన్నడూ కనబడకుండా వ్యాపారం నడపడం తెలుగు రాష్ట్రాల్లోనే కాదు, దేశమంతటా ఉన్న బహిరంగ రహస్యం. అక్కడ తప్పు ఉద్యోగిది కాదు, ఏర్పాటుదే. భోజనానికి వెళ్లిన ఫార్మసిస్టు వేరు, ఎప్పుడూ రాని ఫార్మసిస్టు వేరు. మొదటిదాంట్లో స్వయం పర్యవేక్షణ అంటే ప్రతి నిమిషం కౌంటరు దగ్గర ఉండడమా అన్న నిజమైన చట్టప్రశ్న ఉంది, రెండవదాంట్లో చట్టప్రశ్న ఏదీ లేదు. నోటీసు లోపం చూపి రెండవ రకం దుకాణదారు కోర్టులో నెగ్గినా, ఆ విజయం తాత్కాలికమే. నోటీసు సరిగా లేదని ఉత్తర్వును కొట్టివేసిన కోర్టు సాధారణంగా దుకాణదారును నిర్దోషిగా ప్రకటించదు. చట్టప్రకారం మళ్లీ మొదటి నుంచి విచారించమని అధికారికి తిరిగి పంపుతుంది.

ఎక్కడికి వెళ్లాలన్నది తర్వాతి చిక్కు. రూల్ 66 రాష్ట్ర ప్రభుత్వానికి అప్పీలు చూపినప్పుడు, హైకోర్టు రాజ్యాంగం 226వ అధికరణం కింద రిట్ పిటిషన్‌ను, అంటే అధికారుల చర్యను నేరుగా ప్రశ్నించే అర్జీని, మామూలుగా స్వీకరించదు. ప్రత్యామ్నాయ మార్గం ఉందిగదా అని పంపివేస్తుంది. ఇది కోర్టు తనకు తాను పెట్టుకున్న కట్టుబాటే గాని అధికార లోపం కాదు. ప్రాథమిక హక్కుల అమలు కోసమైనా, సహజ న్యాయ సూత్రాలకు భంగం కలిగినా, అధికారికి అసలు అధికారమే లేకపోయినా, చట్టం చెల్లుబాటునే ప్రశ్నిస్తున్నా ఈ కట్టుబాటు అడ్డు రాదని 1998లో వర్ల్‌పూల్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2002లో హర్బన్స్‌లాల్ సాహ్నియా కేసులో, పెట్రోలు బంకు డీలర్‌షిప్ రద్దయిన వ్యక్తి విషయంలో, జీవనాధారం దెబ్బతిన్నదన్న సంగతిని కూడా దృష్టిలో పెట్టుకుని అదే మాట మళ్లీ చెప్పింది. కనుక నోటీసే ఇవ్వకుండా లైసెన్సు ఆపితే అమరావతిలో గాని హైదరాబాదులో గాని హైకోర్టు తలుపు తట్టవచ్చు. నోటీసు, జవాబు, కారణాలు అన్నీ ఉండి, కారణాలు తప్పని మాత్రమే వాదన అయితే సచివాలయంలోని వైద్య, ఆరోగ్య శాఖ దగ్గర అప్పీలే సరైన దారి.

అప్పీలుకు వెళ్లినవారిని వేధించేది కాలం. పది రోజుల నిలుపుదల మీద వేసిన అప్పీలు పది రోజుల్లో తేలదు. తేలేనాటికి శిక్ష పూర్తిగా అనుభవించడం జరిగిపోతుంది. ఉత్తర్వు అమలును అప్పీలు తేలే వరకు ఆపే అధికారం, అంటే స్టే ఇచ్చే అధికారం, ప్రభుత్వానికి ఉన్నట్టు రూల్ 66లో మాటల్లో లేదు. అయితే అప్పీలు వినే అధికారం ఇచ్చిన శాసనం, ఆ అప్పీలు నిష్ఫలం కాకుండా కాపాడుకునే అధికారాన్ని కూడా ఇచ్చినట్టేనని, ఆదాయపు పన్ను సందర్భంలో మొహమ్మద్ కున్హి కేసులో 1968లోనే సుప్రీంకోర్టు వివరించింది. అందువల్ల అప్పీలుతో పాటే స్టే దరఖాస్తు వేయడం, దాన్ని పట్టించుకోకపోతే ఆ ఒక్క విషయం మీద హైకోర్టుకు వెళ్లి, స్టే దరఖాస్తు తేలే వరకు ఉత్తర్వు అమలు ఆపించుకోవడం వివేకవంతమైన పద్ధతి. గడువు ముగిసిపోయింది గనుక ఇక విచారించడానికి ఏమీ మిగల్లేదన్న ప్రభుత్వ వాదన పైకి సబబుగానే కనబడుతుంది. కాని పైన చెప్పిన మినహాయింపు నిబంధనలోని పన్నెండు నెలల షరతును మరవకూడదు: ఇప్పటి పది రోజుల నిలుపుదల, రానున్న సంవత్సరంలో జరిగే మరో తనిఖీలో, ఉద్యోగి తప్పుకు యజమానిని కాపాడవలసిన కవచాన్ని బలహీనపరుస్తుంది. శిక్ష పది రోజులు, దాని నీడ ఏడాది. ఆ నీడ ఉన్నంతకాలం అప్పీలు వినవలసిన విషయమే.

శిక్షకూ తప్పుకూ మధ్య పొంతనను న్యాయభాషలో అనుపాతం అంటారు. రాజ్యాంగం 19వ అధికరణం పౌరులకు వ్యాపారం చేసే హక్కు ఇస్తూనే, ప్రజాహితం కోసం సమంజసమైన ఆంక్షలకు చోటిచ్చింది. మధ్యప్రాంతాల్లో వ్యవసాయపు పనుల రోజుల్లో కొన్ని గ్రామాల్లో బీడీలు చుట్టడాన్ని పూర్తిగా నిషేధించిన ఉత్తర్వును, లక్ష్యానికి అవసరమైన దానికంటే ఎక్కువ దూరం వెళ్లిందన్న కారణంతో, చింతామన్ రావ్ కేసులో సుప్రీంకోర్టు తన తొలి సంవత్సరంలోనే, 1950లో, కొట్టివేసింది. పొలం పనికి కూలీలు దొరకాలన్న లక్ష్యం మంచిదే. వృద్ధులనూ వికలాంగులనూ కూడా బీడీ పనికి దూరం చేయడానికి అది చాలదు. మందుల దుకాణాల్లో ఈ తర్కానికి రూల్ 66లోనే ద్వారం ఉంది: ‘కొన్ని మందులకు మాత్రమే’ అన్న మాట. హెచ్1 రిజిస్టరు సరిగా రాయని దుకాణంలో హెచ్1 మందుల అమ్మకం ఆపితే లక్ష్యం నెరవేరుతుంది. బిడ్డ జ్వరపు మందు, వృద్ధుడి రక్తపోటు మాత్ర కూడా ఆపవలసిన పని లేదు. మండల కేంద్రంలో ఉన్న ఒకే ఒక్క దుకాణాన్ని మొత్తంగా మూయించిన ఉత్తర్వు, ఏ రోగుల పేరు చెప్పుకుని వెలువడిందో ఆ రోగులనే ముప్పై కిలోమీటర్ల దూరం బస్సెక్కిస్తుంది. రూల్ 66 నిలపమన్నది లైసెన్సును, అంటే అమ్మకాన్ని. దుకాణానికి తాళం వేయమన్న మాట అందులో లేదు. రెండు నుంచి ఎనిమిది డిగ్రీల మధ్య ఉంచవలసిన ఇన్సులిన్, టీకాలు ఉన్న ఫ్రిజ్‌కు కరెంటు ఆపి గదికి సీలు వేస్తే, నిలుపుదల ముగిశాక తెరిచిన తలుపు వెనుక నిజంగానే చెడిన మందు ఉంటుంది.

అనుపాతం పేరిట కోర్టులు అధికారి స్థానంలో కూర్చోవన్నది కూడా నిజం. సర్వీసు శిక్షల సందర్భంలో ఓం కుమార్ కేసులో 2000లో సుప్రీంకోర్టు గీసిన గీత ఇక్కడా పనికొస్తుంది: శిక్ష అంతరాత్మకు అదురు పుట్టించేంత అతిగా ఉంటేనే జోక్యం, లేకపోతే లేదు. గడువు తీరిన మందులు తేదీ చెరిపి అమ్మిన దుకాణానికి నెల రోజుల నిలుపుదల ఎక్కువని ఏ న్యాయమూర్తీ అనరు. పైగా లైసెన్సు మీద చర్యకూ, నేర విచారణకూ సంబంధం లేదు. ఒకటి ఆగినా రెండవది నడుస్తుంది. ఆ నేర విచారణను మొదలుపెట్టేది పోలీసులు కారని, చట్టంలో మందుల తయారీ, అమ్మకాలకు సంబంధించిన నాలుగవ అధ్యాయపు నేరాల మీద పోలీసులు ఎఫ్ఐఆర్ నమోదు చేసి దర్యాప్తు చేయలేరని అశోక్ కుమార్ శర్మ కేసులో 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చింది.

చివరగా గడువు మాట. అప్పీలుకు మూడు నెలల కాలాన్ని రూల్ 66 ‘ఉత్తర్వు తేదీ నుంచి’ అని లెక్కించమంటుంది. ఉత్తర్వు మీద వేసిన తేదీకీ, అది దుకాణదారు చేతికి చేరిన తేదీకీ మధ్య వారాలు గడిచిపోవచ్చు. భూసేకరణ అవార్డు తేదీ అంటే అది సంబంధిత వ్యక్తికి తెలిసిన తేదీ అని రాజా హరీశ్‌చంద్ర రాజ్ సింగ్ కేసులో 1961లో సుప్రీంకోర్టు అర్థం చెప్పింది. ఆ తర్కం ఇక్కడా నిలబడదగినదే గాని, చేరిన తేదీని రుజువు చేసుకోవలసినవాడు దుకాణదారే. కాబట్టి ఉత్తర్వు వచ్చిన కవరును, దాని మీద పోస్టాఫీసు ముద్రతో సహా, పారేయకుండా ఫైలులో పెట్టుకోవాలి.